ముందు చక్రాల దగ్గర చప్పుడు: ఎస్‌యూవీ కంట్రోల్ ఆర్మ్‌లు అరిగితే

ఎస్‌యూవీ ముందు చక్రాన్ని ఛాసిస్‌తో కలిపి పట్టుకునే బలమైన ఇనుప భాగమే కంట్రోల్ ఆర్మ్. షెడ్లలో ఈ పూర్తి పేరు పెద్దగా వినిపించదు. కింద ఉండేదాన్ని లోయర్ ఆర్మ్ అనీ, పైన ఉండేదాన్ని అప్పర్ ఆర్మ్ అనీ అంటారు. చక్రం గుంతలో పడితే కిందికి దిగాలి, స్పీడ్ బ్రేకర్ ఎక్కితే పైకి లేవాలి. అలా లేస్తూ దిగుతూ ఉన్నా ముందుకో వెనక్కో పక్కకో జరగకూడదు. చక్రానికి ఆ హద్దు పెట్టేది ఆర్మే. బ్రేకు తొక్కినప్పుడు చక్రాన్ని వెనక్కి నెట్టే బలం, మలుపు తిరిగేటప్పుడు పక్కకు తోసే బలం చాలా వరకు దీని మీదుగానే ఛాసిస్‌కు చేరతాయి.

ఆర్మ్ ఇనుము అంత తేలిగ్గా పాడయ్యేది కాదు. డివైడర్‌కు గుద్దుకుంటేనో, వేగంలో లోతైన గుంతలో పడితేనో వంగుతుంది తప్ప మామూలు వాడకంలో దానికి ఢోకా ఉండదు. అరిగేవి దాని చివర్లు. ఛాసిస్ వైపు రబ్బరు బుష్‌లు ఉంటాయి, చక్రం వైపు బాల్ జాయింట్ ఉంటుంది. ఆర్మ్ పోయిందని మెకానిక్ చెప్పాడంటే దాదాపు ఎప్పుడూ ఈ రెండింట్లో ఏదో ఒకటి పోయిందనే అర్థం.

ఎస్‌యూవీలన్నింటిదీ ఒకే అమరిక కాదు. ఫార్చ్యూనర్, స్కార్పియో, థార్ లాంటి బండ్లలో నిచ్చెన ఆకారపు ఛాసిస్ విడిగా ఉండి దాని మీద బాడీ కూర్చుంటుంది. వీటికి ముందు వైపు డబుల్ విష్‌బోన్ సస్పెన్షన్ ఉంటుంది. అంటే ఒక్కో చక్రానికి పైన ఒకటి, కింద ఒకటి చొప్పున రెండు ఆర్మ్‌లు. క్రెటా, సెల్టోస్, బ్రెజా, నెక్సాన్ లాంటి వాటిలో ఉండేది మెక్‌ఫర్సన్ స్ట్రట్. అమెరికన్ ఇంజినీరు ఎర్ల్ మెక్‌ఫర్సన్ 1940లలో రూపొందించిన పద్ధతి ఇది. ఇందులో స్ప్రింగుతో కలిసిన షాక్ అబ్జార్బరే పై ఆర్మ్ పని కూడా చేస్తుంది కాబట్టి చక్రానికి లోయర్ ఆర్మ్ ఒక్కటి చాలు. చోటు తక్కువ పడుతుంది, ఖర్చూ తగ్గుతుంది. తన బండి ఈ రెండింట్లో ఏ రకమో యజమాని తెలుసుకోవడం మంచిది. పరీక్ష చేసేటప్పుడు జాకీ ఎక్కడ పెట్టాలన్నది కూడా దాన్నిబట్టే ఉంటుంది.

బుష్ ఎలా పనిచేస్తుందో అర్థమైతే ఈ వ్యవహారంలో సగం అర్థమైనట్టే. లోపల ఒక చిన్న ఉక్కు గొట్టం, బయట ఒక పెద్ద ఉక్కు గొట్టం, మధ్యలో రెండింటికీ అతుక్కుని ఉండే రబ్బరు. బోల్టు లోపలి గొట్టం గుండా పోయి, దాన్ని ఛాసిస్ బ్రాకెట్‌కు కదలకుండా బిగించేస్తుంది. బయటి గొట్టం ఆర్మ్‌లో బిగుతుగా దిగి ఉంటుంది. చక్రం పైకీ కిందికీ ఆడినప్పుడు ఆర్మ్ బోల్టు చుట్టూ తిరుగుతున్నట్టు కనిపిస్తుంది గానీ నిజానికి అక్కడ ఏదీ జారదు. మధ్యలోని రబ్బరు మెలిపడి, మళ్లీ తన స్థితికి వస్తుంది. అందుకే ఈ రకం బుష్‌కు గ్రీజు అక్కర్లేదు. రబ్బరు తట్టుకోగల మెలికకు మాత్రం ఒక హద్దు ఉంది. బిగించేటప్పుడు ఆ హద్దును పట్టించుకోకపోవడం వల్లే చాలా కొత్త ఆర్మ్‌లు పెద్దగా కిలోమీటర్లు తిరగకుండానే మళ్లీ చప్పుడు మొదలుపెడతాయి.

మెక్‌ఫర్సన్ బండ్ల లోయర్ ఆర్మ్ చాలావాటిలో ‘ఎల్’ ఆకారంలో ఉంటుంది. ముందు బుష్ గట్టిగా ఉండి మలుపుల్లో పక్కబలాన్ని మోస్తుంది. వెనక బుష్ పెద్దది, మెత్తనిది. గుంత దెబ్బ స్టీరింగ్ దాకా రాకుండా చక్రాన్ని ఒక్క పిసరు వెనక్కి పోనిచ్చి మళ్లీ తెచ్చేది అదే. మెత్తగా ఉండి ఎక్కువ కదలిక భరిస్తుంది కాబట్టి ముందు చిరిగేది కూడా సాధారణంగా అదే. కొన్ని ఖరీదైన బండ్లలో ఈ వెనక బుష్ లోపల ద్రవం నింపి ఉంటుంది. అది పగిలితే ఆర్మ్ మీద నల్లటి జిడ్డు చారలు కనిపిస్తాయి.

బాల్ జాయింట్ మన భుజం కీలు లాంటిది. గుండ్రటి ఉక్కు తల ఒక గిన్నెలో కూర్చుని అన్ని వైపులకూ తిరుగుతుంది. చక్రం లేవడం, దిగడంతో పాటు స్టీరింగ్ తిప్పినప్పుడు పక్కలకు మళ్లడం కూడా దీనివల్లే సాధ్యం. లోపల గ్రీజు ఉంటుంది, పైన రబ్బరు తొడుగు కప్పి ఉంటుంది. ఆ తొడుగు చిరిగిన రోజు నుంచే జాయింట్ ఆయుష్షు తగ్గడం మొదలవుతుంది. వాన నీళ్లు, దుమ్ము, ఇసుక లోపలికి పోతాయి, గ్రీజు బయటికి పోతుంది. తర్వాత ఇనుమూ ఇనుమూ ఒరుసుకుంటాయి. బుష్ పోతే బండి చప్పుడు చేస్తుంది, టైరు తింటుంది. బాల్ జాయింట్ పూర్తిగా అరిగి తల గిన్నెలోంచి ఊడిపోతే మాత్రం చక్రం పక్కకు ఒరిగి బండి రోడ్డు మీద కూలబడుతుంది. కాబట్టి రెండింట్లో బాల్ జాయింట్ విషయంలోనే ఎక్కువ జాగ్రత్త అవసరం.

ఇవి త్వరగా అరగడానికి మన రోడ్లు చాలినంత సాయం చేస్తాయి. రంగు వేయని స్పీడ్ బ్రేకర్లు, బరువు లారీలు తిరిగి గుంతలు పడ్డ రోడ్లు, వర్షాకాలంలో ఎంత లోతుందో తెలియని నీటి మడుగులు ఒక ఎత్తు. ఘాట్ రోడ్డు దిగేటప్పుడు మలుపు తిప్పుతూనే బ్రేకు తొక్కడం మరో ఎత్తు. అప్పుడు పక్కబలం, వెనకబలం రెండూ కలిసి ఆర్మ్ మీద పడతాయి. ఇంజిన్ నుంచి కారే ఆయిల్ తగిలితే రబ్బరు ఉబ్బి మెత్తబడుతుంది. తక్కువ తిరిగిన బండైనా ఏళ్లు గడిచేకొద్దీ రబ్బరు గట్టిపడి బీటలు వారుతుంది. షోకు కోసం బండి ఎత్తు పెంచే లిఫ్ట్ కిట్ వేయిస్తే ఆర్మ్ కోణం మారిపోయి, ముఖ్యంగా అప్పర్ బాల్ జాయింట్ మీద ఒత్తిడి పెరుగుతుంది. కంపెనీ చెప్పినదానికంటే బాగా వెడల్పాటి టైర్లు వేసినా భారం ఈ జాయింట్ల మీదే పడుతుంది.

లక్షణాలు ఒక్కసారిగా రావు. మొదట స్పీడ్ బ్రేకర్ దిగేటప్పుడు ‘టక్’మని ఒక మొద్దు చప్పుడు. కొన్నాళ్లకు బ్రేకు తొక్కినప్పుడూ అదే చప్పుడు వచ్చి, కాలి కింద ఫ్లోర్‌లో చిన్న అదురు తెలుస్తుంది. హైవే మీద బండి నిలకడగా పోదు. స్టీరింగ్‌ను మాటిమాటికీ కాస్త సవరిస్తూ ఉండాలి. గట్టిగా బ్రేకు వేస్తే ఒక పక్కకు లాగుతుంది, ఎందుకంటే బుష్ చిరిగిన వైపు చక్రం వెనక్కి జరిగి దాని దిశే మారిపోతుంది. టైరు సాక్ష్యం అన్నింటికంటే నమ్మదగినది. లోపలి అంచు మాత్రమే అరిగి ఉంటే చక్రం పైభాగం లోపలికి వాలిందని గానీ, ముందు చక్రాలు రెండూ బయటికి చూస్తున్నాయని గానీ అర్థం. టైరు మీద అడ్డంగా అరచేత్తో నిమిరితే ఒక వైపు నున్నగా, ఎదురు వైపు గరుగ్గా తగిలితే టో, అంటే పై నుంచి చూస్తే చక్రాలు లోపలికో బయటికో చూసే తీరు, తప్పింది. రెండు అంచులూ అరిగితే గాలి తక్కువ, నడుమ అరిగితే గాలి ఎక్కువ. ఈ చివరి రెండింటికీ ఆర్మ్‌తో సంబంధం లేదు.

చప్పుడు వచ్చిందని వెంటనే ఆర్మ్‌లు మార్చేయడం తొందరపాటు. ముందు సస్పెన్షన్‌లో ఇలాంటి చప్పుడే చేయగల భాగాలు ఇంకా చాలా ఉన్నాయి. వాటిలో స్టెబిలైజర్ లింక్ రాడ్ ముఖ్యమైనది, ధరలోనూ ఆర్మ్ కంటే బాగా చవక. లింక్ రాడ్ పోతే చిన్న చిన్న గతుకుల మీద వరుసగా ‘టకటక’మంటుంది. రెండు వైపులా లింక్‌లు విప్పి, అదే రోడ్డు మీద చాలా నెమ్మదిగా కాస్త దూరం నడిపితే చప్పుడు మాయమైందంటే దోషం వాటిదే. బండి ఆపి ఉంచి స్టీరింగ్ తిప్పినప్పుడు బానెట్ కింద పై నుంచి చప్పుడు వస్తే స్ట్రట్ మౌంట్‌ను అనుమానించాలి. వదులైన చక్రం నట్లు, వదులైన బ్రేకు క్యాలిపర్ కూడా ఇలాగే మోసం చేస్తాయి. అన్నింటికంటే ముందు చూడాల్సినవి కూడా అవే.

వెనక బుష్‌ను పట్టించే ఒక సులువైన పరీక్ష ఉంది. ఖాళీ స్థలంలో మనిషి నడిచేంత వేగంతో ముందుకు పోయి బ్రేకు తొక్కాలి. తర్వాత రివర్స్‌లో అదే వేగంతో వెళ్లి మళ్లీ తొక్కాలి. దిశ మారిన ప్రతిసారీ ఒకే ఒక్క మొద్దు చప్పుడు వినిపించి, అది కాలికి కూడా తెలిస్తే ఆర్మ్ ముందుకూ వెనక్కూ ఆడుతోందని గట్టిగా అనుమానించవచ్చు. బ్రేకు ప్యాడ్లు కదిలినా చప్పుడు వస్తుంది గానీ అది సన్నగా ‘టిక్’మంటుంది, ఫ్లోర్ అదరదు.

తర్వాత బండి ఎత్తి చూడాలి. టైరును పైనా కిందా, అంటే గడియారంలో 12, 6 ఉండే చోట రెండు చేతులతో పట్టుకుని లోపలికీ బయటికీ ఊపాలి. ప్లే, అంటే వదులు కదలిక, ఉంటే అది బాల్ జాయింట్‌దో, వీల్ బేరింగ్‌దో అయి ఉంటుంది. లోపల ఒకరు బ్రేకు తొక్కి పట్టుకుంటే ప్లే పోయిందా, అది బేరింగ్. అప్పటికీ ఆడుతూనే ఉందా, చూపు బాల్ జాయింట్ మీదకు పోవాలి. 3, 9 ఉండే చోట పట్టుకుని ఊపినప్పుడు మాత్రమే ఆడితే దోషం చాలావరకు టై రాడ్ ఎండ్‌లో ఉంటుంది.

ఈ పరీక్షలో చాలామంది జాకీ దగ్గరే పొరపాటు పడతారు. ఫార్చ్యూనర్ లాంటి బండిలో స్ప్రింగు బరువు లోయర్ ఆర్మ్ మీద కూర్చుంటుంది. ఛాసిస్ కింద జాకీ పెట్టి చక్రాన్ని వేలాడదీస్తే స్ప్రింగు ఆర్మ్‌ను కిందికి తోస్తూనే ఉంటుంది. ఆ ఒత్తిడికి బాల్ జాయింట్ బిగుసుకుపోయి, ఎంత అరిగినా ప్లే బయటపడదు. అలాంటి బండ్లకు జాకీ లోయర్ ఆర్మ్ కిందే, బాల్ జాయింట్‌కు వీలైనంత దగ్గరగా పెట్టి ఎత్తాలి. మెక్‌ఫర్సన్ బండ్లలో స్ప్రింగు ఆర్మ్ మీద ఉండదు కాబట్టి కంపెనీ చూపించిన చోట జాకీ పెట్టి చక్రాన్ని వేలాడనిచ్చే చూడాలి. ఒకే బండిని ఒక షెడ్డులో ‘బాగుంది’ అనీ, ఇంకో షెడ్డులో ‘పోయింది’ అనీ చెప్పడానికి ఈ జాకీ తేడా కూడా ఒక కారణం.

బుష్ చూడటానికి పొడవాటి ఇనుప రాడ్డు, టార్చిలైటు చాలు. రాడ్డు కొనను ఆర్మ్‌కూ ఛాసిస్‌కూ మధ్య దూర్చి మెల్లగా మీటితే బుష్ ఎంత కదులుతుందో కనబడుతుంది. కొంత కదలడం సహజమే, అది రబ్బరు. రెండో వైపు బుష్‌ను కూడా అంతే బలంతో మీటి పోల్చి చూడాలి. రబ్బరు పైపైన సన్నటి పగుళ్లు కనిపించినంత మాత్రాన మార్చనక్కర్లేదు. మీటినప్పుడు రబ్బరు ఉక్కు గొట్టం నుంచి విడిపోయి సందు తెరుచుకున్నా, లోపలి గొట్టం ఒక పక్కకు ఒరిగి ఉన్నా, ఇనుముకు ఇనుము తగిలిన మెరుపు కనబడినా బుష్ పని అయిపోయినట్టే. తన కళ్ల ముందు మీటి చూపించమని యజమాని అడగడంలో తప్పేమీ లేదు. పని తెలిసిన మెకానిక్ సంతోషంగా చూపిస్తాడు.

ఏది పోయిందో తేలాక, బుష్ ఒక్కటి మార్చాలా, మొత్తం ఆర్మ్ మార్చాలా అన్నది ప్రశ్న. బుష్‌లు విడిగా దొరికే బండ్లలో హైడ్రాలిక్ ప్రెస్ మీద పాతది తోసి కొత్తది దింపవచ్చు. ఖర్చు తగ్గుతుంది. కానీ బుష్‌ను ఏ కోణంలో దింపాలన్న గుర్తు చాలావాటిపై ఉంటుంది, అది తప్పితే రబ్బరు తప్పుడు వైపు పనిచేస్తుంది. ప్రెస్ లేకుండా సుత్తితో కొట్టి దింపితే బయటి గొట్టం నొక్కుకుపోతుంది. బాల్ జాయింట్ ఆర్మ్‌తో కలిసిపోయి వచ్చే బండ్లలో మొత్తం ఆర్మ్ మార్చడం తప్పదు. బుష్‌లూ జాయింట్ రెండూ పాతబడినప్పుడు కూడా మొత్తం మార్చడమే మేలు, ఎందుకంటే మళ్లీ విప్పే కూలీ మిగులుతుంది. సికింద్రాబాద్ రాణిగంజ్‌లోనో, విజయవాడ ఆటోనగర్‌లోనో ఒకే ఆర్మ్ రకరకాల ధరల్లో దొరుకుతుంది. మిగతాచోట్ల బేరం ఆడినా బాల్ జాయింట్ దగ్గర మాత్రం కంపెనీ సరుకో, పేరున్న తయారీదారుడి సరుకో తీసుకోవాలి. రెండు వైపులా ఒకేసారి మార్చాలన్న నియమం లేదు. అయితే రెండూ ఒకే రోడ్ల మీద ఒకే కాలం తిరిగినవే కాబట్టి రెండోదాన్ని కూడా అదే శ్రద్ధతో పరీక్షించాకే వదిలేయాలి.

మార్చే పనికి సమతలమైన గట్టి నేల కావాలి. పని మొదలుపెట్టే ముందు, బండి నాలుగు చక్రాల మీద నిలిచి ఉండగానే, ముందు చక్రం నడిమధ్య నుంచి పైన ఫెండర్ అంచు దాకా టేపుతో కొలిచి, ఆ అంకె ఫెండర్ మీద అంటించిన కాగితంపై రాసుకోవాలి. చివర్లో ఇదే అక్కరకొస్తుంది. హ్యాండ్ బ్రేకు వేసి, వెనక చక్రాలకు దిమ్మలు అడ్డం పెట్టి, చక్రం నట్లు కాస్త వదులు చేసి అప్పుడు బండి లేపాలి. లేపాక ఛాసిస్ కింద స్టాండ్లు పెట్టాలి. జాకీ ఒక్కదాన్ని నమ్మి బండి కిందికి దూరకూడదు. ఫార్చ్యూనర్ లాంటి డీజిల్ బండి బరువు 2 టన్నులకు పైనే.

చక్రం తీశాక లింక్ రాడ్ విప్పాలి, ఏబీఎస్ సెన్సర్ వైరు, బ్రేకు హోస్ లాగబడకుండా పక్కకు తప్పించాలి. క్యాలిపర్ తీయాల్సి వస్తే దాన్ని తీగతో కట్టి వేలాడదీయాలే గానీ హోస్ మీద బరువు పడనీయకూడదు. స్ప్రింగు ఆర్మ్ మీద కూర్చునే బండ్లలో అసలు ప్రమాదం ఇక్కడే ఉంది. నొక్కి ఉన్న స్ప్రింగు ఒక్కసారిగా విడిపోతే మనిషి ప్రాణం తీయగలదు. ఆ ఒత్తిడిని కంపెనీ మాన్యువల్ చెప్పిన తీరులో అదుపు చేయకుండా ఒక్క బోల్టు కూడా తీయకూడదు. స్ప్రింగుకు బదులు టార్షన్ బార్ ఉన్న బండ్లలో ముందు దాని ఎడ్జస్టర్ ఎన్ని చుట్లు బిగించి ఉందో గుర్తు పెట్టుకుని వదులు చేయాలి. ఈ పనులు ఇంట్లో చేసుకునేవి కావు. మెక్‌ఫర్సన్ బండి లోయర్ ఆర్మ్ మాత్రం సరైన పనిముట్లున్న, అనుభవమున్న మనిషి ఇంటి ముందు కూడా చేసుకోగలడు.

బాల్ జాయింట్ కడ్డీ, చక్రం హబ్‌ను మోసే నకిల్‌లోకి దిగి, కాలం గడిచేకొద్దీ అక్కడే పట్టేస్తుంది. దాన్ని విడదీయడానికి జాయింట్ పుల్లర్ వాడాలి. రెండు పళ్ల ఫోర్క్ కొట్టి తీస్తే రబ్బరు తొడుగు చిరుగుతుంది. మార్చేసే జాయింట్‌కైతే పర్వాలేదు గానీ బాగున్నదాన్ని అలా తీయకూడదు. లోపలి బోల్టులు తీసే ముందు గమనించాల్సిన సంగతి మరొకటి ఉంది. ఫార్చ్యూనర్ లాంటి బండ్లలో లోయర్ ఆర్మ్ బోల్టులకు రంధ్రం నడుమ కాకుండా ఒక పక్కకు ఉండే క్యామ్ వాషర్లు ఉంటాయి. వాటిని తిప్పే క్యాంబర్ (చక్రం లోపలికో బయటికో వాలే కోణం), క్యాస్టర్ (స్టీరింగ్ ఇరుసు ముందుకో వెనక్కో వాలే కోణం) సర్దుతారు. విప్పకముందే వాషర్‌కూ బ్రాకెట్‌కూ కలిపి పెయింటుతో గీత గీసుకుంటే కొత్త ఆర్మ్‌ను దాదాపు పాత చోటే కూర్చోబెట్టవచ్చు.

కొత్త ఆర్మ్‌ను పాతదాని పక్కన పెట్టి పొడవు, బుష్ కోణం, రంధ్రాల దూరం సరిచూశాకే ఎక్కించాలి. లోపలి బోల్టులు ముందు చేత్తో మాత్రమే ఎక్కించాలి. బాల్ జాయింట్ నట్టును మాన్యువల్‌లో చెప్పిన టార్క్‌కు బిగించాలి. స్ప్లిట్ పిన్ రంధ్రం ఎదురుగా రాకపోతే నట్టును ఇంకాస్త బిగించి కలపాలే గానీ వెనక్కి వదులు చేసి కలపకూడదు. పిన్, సెల్ఫ్ లాకింగ్ నట్లు కొత్తవే వేయాలి.

లోపలి బోల్టుల చివరి బిగింపులోనే పని నాణ్యత తేలుతుంది. చక్రం గాలిలో వేలాడుతుండగా ఆర్మ్ కిందికి వంగి ఉంటుంది. ఆ స్థితిలో బోల్టు బిగిస్తే బుష్ లోపలి గొట్టం అక్కడే పట్టుబడుతుంది. తర్వాత బండిని కిందికి దించగానే ఆర్మ్ పైకి లేస్తుంది, రబ్బరు మెలిపడిపోతుంది. బండి ఇంటి ముందు ఊరికే నిలబడి ఉన్నా ఆ మెలిక అలాగే ఉంటుంది. రోడ్డు మీద ప్రతి గుంతా దానికి మరింత మెలిక కలుపుతుంది. రబ్బరు కొన్నాళ్లకే చిరుగుతుంది, బండి ఒక వైపు కాస్త ఎత్తుగా కూడా నిలబడవచ్చు. కాబట్టి బరువంతా చక్రాల మీద పడ్డాక, బండిని ర్యాంప్ మీద గానీ ఫోర్ పోస్ట్ లిఫ్ట్ మీద గానీ నిలబెట్టి బిగించాలి. అది కుదరకపోతే మొదట రాసుకున్న కొలత ఉంది. స్టాండ్లు అలాగే ఉంచి ఆర్మ్ చివర కింద జాకీ పెట్టి, హబ్ మధ్య నుంచి ఫెండర్ అంచుకు మళ్లీ అదే దూరం వచ్చేదాకా లేపి, అప్పుడు టార్క్ రెంచితో బిగించాలి. జాకీ మరీ ఎత్తితే బండి స్టాండ్ల మీంచి లేచిపోతుంది, దాన్ని గమనిస్తూ ఉండాలి. పాలీయురెథేన్ బుష్‌లు చాలావాటిలో గొట్టం మీద జారుతూ తిరుగుతాయి కాబట్టి వాటికి ఈ ఇబ్బంది ఉండదు. వాటికి గ్రీజు కావాలి, ప్రయాణం కాస్త గట్టిగా ఉంటుంది.

ఆర్మ్ మార్చాక అలైన్‌మెంట్ తప్పనిసరి. ప్లే ఉన్న భాగాలు మార్చకుండా ముందే అలైన్‌మెంట్ చేయిస్తే డబ్బు దండగ, ఎందుకంటే యంత్రం మీద సరిగ్గా నిలిచిన చక్రం రోడ్డెక్కగానే మళ్లీ జరుగుతుంది. మెక్‌ఫర్సన్ బండ్లు చాలావాటిలో ముందు చక్రాల టో ఒక్కటే సర్దగలరు. క్యాంబర్ అప్పటికీ హద్దులో లేదంటే ఆర్మ్ గానీ, నకిల్ గానీ, స్ట్రట్ గానీ వంగి ఉందేమో చూడాలి. స్టెబిలిటీ కంట్రోల్ ఉన్న బండికి స్టీరింగ్ యాంగిల్ సెన్సర్‌ను మళ్లీ సెట్ చేయించాల్సి రావచ్చు. అద్దం వెనక కెమెరాతో లేన్ కనిపెట్టే బండ్లలో అలైన్‌మెంట్ తర్వాత ఆ కెమెరాకు కూడా క్యాలిబ్రేషన్ అవసరమో కాదో మాన్యువల్‌లో చూసుకోవాలి. కొన్ని వందల కిలోమీటర్లు తిరిగాక విప్పిన ప్రతి బోల్టు బిగుతునూ మరోసారి పరీక్షించి, టైరు లోపలి అంచు మీద కొత్త అరుగుదల మొదలైందేమో చేత్తో తడిమి చూడాలి.